గోడ కట్టినవారికి పేరుంది, ఇల్లు సర్దినవారికి లేదు

సంపాదకులకు నమస్కారాలు.

పెద్ద సినిమా మొదలైందంటే పత్రికల్లో సెట్ గురించి రెండు ముక్కలు తప్పకుండా వస్తాయి: ఎన్ని కోట్లు, ఎన్ని ఎకరాలు. ఆ లెక్కలు చూసి ఆశపడే పిల్లలు, బెదిరిపోయే తల్లిదండ్రులు పరీక్షా ఫలితాలు వచ్చాక సినిమా కళా విభాగంలో పనిచేసే మమ్మల్ని అడిగే మాట ఒకటే: "మా వాడు బొమ్మలు బాగా వేస్తాడు, ఆర్ట్ డైరెక్టర్ అవుతాడా?" బొమ్మ వేయడం ఈ పనికి గుమ్మం మాత్రమే. గుమ్మం దాటాక ఉన్న ఇంటి గురించి ఎవరూ రాయడం లేదు. అందులోనూ సెట్ డెకరేటర్ అనే పనికి మన పరిశ్రమలో ఇంకా సొంత కుర్చీ లేదు. ఆ కుర్చీ వేయించాలన్నదే ఈ ఉత్తరం ఉద్దేశం. కొంచెం పెద్దదైనా ప్రచురించగలరు.

ముందు పేర్ల సంగతి. తెర మీద కనిపించే స్థలమంతా ఎలా ఉండాలో నిర్ణయించేవారు ప్రొడక్షన్ డిజైనర్. ఆ నిర్ణయాన్ని డ్రాయింగులుగా మార్చి, వడ్రంగుల చేత, అచ్చులు పోసే మౌల్డర్ల చేత, పెయింటర్ల చేత కట్టించేవారు ఆర్ట్ డైరెక్టర్. కట్టిన గోడల మధ్యకు మంచం, చాప, దండెం మీది తువ్వాలు, దేవుడి పటం, మేకుకు గుచ్చిన కరెంటు బిల్లుల దాకా తెచ్చి పెట్టేవారు సెట్ డెకరేటర్. ప్రొడక్షన్ డిజైనర్ అన్న పేరు హాలీవుడ్‌లో 1939 నాటి 'గాన్ విత్ ద విండ్'కు పనిచేసిన విలియం కామెరాన్ మెన్జీస్‌తో నిలబడింది. ఆస్కార్ వారు తమ ఆర్ట్ డైరెక్షన్ విభాగాన్ని 2012లో ప్రొడక్షన్ డిజైన్ అని మార్చారు. ఆ బహుమతిని డిజైనర్‌తో పాటు సెట్ డెకరేటర్‌కూ ఇస్తారు. మన దేశంలో తీసిన 'గాంధీ'కి ఆ ఆస్కార్ వచ్చినప్పుడు అందుకున్న ముగ్గురిలో స్టువర్ట్ క్రెయిగ్, బాబ్ లైంగ్‌లతో పాటు సెట్ డెకరేటర్ మైకేల్ సెయర్టన్ కూడా ఉన్నారు. మన టైటిల్స్‌లో ఎక్కువగా 'కళ' అని ఒక్క మాట, దాని కింద ఒక్క పేరు. ఇల్లు సర్దినవారు సహాయకుల వరసలో ఎక్కడో ఉంటారు, ఒక్కోసారి అక్కడా ఉండరు.

ఇది మనకు కొత్త విద్య కాదు. 1957లో వచ్చిన 'మాయాబజార్'కు మాధవపెద్ది గోఖలే, కళాధర్ కళాదర్శకులు. గోఖలే చిత్రకారుడే కాదు, కథలు రాసిన మనిషి కూడా. ద్వారక కోసం సుమారు 50 అడుగుల వెడల్పు, 60 అడుగుల పొడవు ఉన్న చోట 300 చిన్న ఇళ్లు పేర్చి దీపాలు వెలిగించారు. మార్కస్ బార్‌ట్లే కెమెరా వాటిని మహానగరంగా చూపించింది. కళాదర్శకుడు తోట తరణి తండ్రి తోట వెంకటేశ్వరరావు కూడా కళాదర్శకుడే. తరణికి 'నాయకన్', 'ఇండియన్' చిత్రాలకు జాతీయ అవార్డులు, 2001లో పద్మశ్రీ వచ్చాయి. మద్రాసు స్టూడియోల రోజుల్లో వడ్రంగి, మౌల్డర్, పెయింటర్, సామాను చూసే ప్రాపర్టీ మనిషి ఒకే ప్రహరీ లోపల ఉండేవారు. ఏ మంచం ఏ గదిలో ఉందో, ఏ దీపస్తంభం ఏ సినిమాలో వాడారో స్టోరు మనిషికి నోటి లెక్క. పరిశ్రమ హైదరాబాదు వచ్చి, స్టూడియో జీతాలు పోయి, సినిమాకో జట్టు అయ్యాక ఆ నోటి లెక్క చెదిరిపోయింది. దాన్ని కాగితం మీదికి ఎక్కించే మనిషే సెట్ డెకరేటర్.

పని ఎక్కడ మొదలవుతుందో చూడండి. స్క్రిప్టు చేతికి రాగానే బొమ్మలు వేయకూడదు. ముందు పట్టిక వేయాలి: సీను నంబరు, చోటు, లోపలా బయటా, పగలా రాత్రా, కథలో ఏ సంవత్సరం ఏ నెల, ఎవరెవరున్నారు, చేతిలో ఏం పట్టుకుంటారు, ఏది పగులుతుంది, ఏది కాలుతుంది, ఏది తింటారు. ఒకే ఇంట్లో 30 సీన్లు ఉంటే సెట్ వేయడం లాభం. 2 సీన్లే ఉంటే నిజం ఇల్లు అద్దెకు తీసుకోవడం లాభం. దర్శకుడు, కెమెరామన్, నిర్మాత కూర్చుని ఈ పట్టిక మీద ఒప్పుకున్నాకే స్కెచ్. ఆ తర్వాత అడుగుకు పావు అంగుళం లెక్కన ప్లాను, నాలుగు గోడల ఎలివేషన్లు (గోడను ఎదురుగా చూసినట్టు గీసినవి), అట్టతోనో కంప్యూటర్‌లోనో నమూనా. చివర ఎస్టిమేటు. కొత్తవాళ్లు ఎస్టిమేటులో సామాను, కూలి, రవాణా, అద్దెలు రాస్తారు. సెట్ పీకే కూలి, చెత్త తరలింపు, నేల యథాస్థితికి తెచ్చే ఖర్చు మరిచిపోతారు. షూటింగ్ అయిపోయాక ఆ డబ్బు అడిగితే ఎవరూ పలకరు. మొత్తం మీద పది శాతం చేతిలో ఉంచుకోని ఎస్టిమేటు సగంలోనే తెగిపోతుంది.

సెట్ ఎంత ఎత్తు కట్టాలన్నది అభిరుచి కాదు, లెక్క. కెమెరా లోపల బొమ్మ పడే సూపర్ 35 సెన్సర్ వెడల్పు దాదాపు 25 మిల్లీమీటర్లు. 32 మిల్లీమీటర్ల లెన్స్ పెడితే 20 అడుగుల దూరాన ఉన్న గోడ మీద కెమెరాకు కనిపించే వెడల్పు 20ని 25తో హెచ్చవేసి 32తో భాగిస్తే వచ్చేది, అంటే పదిహేనున్నర అడుగులు. స్కోప్ అనే వెడల్పాటి తెర వెడల్పు ఎత్తుకు 2.39 రెట్లు కాబట్టి ఎత్తు ఆరున్నర అడుగులు. కెమెరా నేలకు 5 అడుగుల ఎత్తులో తిన్నగా ఉంటే గోడ మీద 8న్నర అడుగుల పైన ఏమున్నా తెరకు తెలియదు. అదే 18 లెన్స్ అయితే వెడల్పు 28 అడుగులకు, ఎత్తు 11న్నర అడుగులకు పెరుగుతుంది. కనిపించే పై అంచు దాదాపు 11 అడుగుల దగ్గరికి వస్తుంది. అందుకే మామూలు ఇంటికి 12 అడుగుల గోడ చాలు. కెమెరా నేల మీదికి దిగి పైకి చూస్తుందని ముందే చెప్తే సీలింగ్ కట్టాలి, చెప్పకపోతే ఆ రోజు లైట్ల బీములు కనిపిస్తాయి. లెన్సులు అడగకుండా 20 అడుగుల గోడలు లేపి, పై 8 అడుగులు ఎవరికీ కనిపించని సెట్లు ఎన్నో ఉన్నాయి. పత్రికల్లో వచ్చే కోట్లలో కొంత ఆ 8 అడుగులదే.

గది కొలత కూడా అంతే. నిజం ఇంట్లో 12, 10 అడుగుల గది చాలు. సెట్‌లో 16, 14 కావాలి, ఒక గోడ ఊడదీసేలా ఉండాలి. కెమెరా, ట్రాలీ, లైటు స్టాండు నిలబడే చోటు నటుడి వెనక కాదు, ముందు ఉండాలి కదా. మరీ పెంచేస్తే మాత్రం పేదింటి వంటగది కల్యాణ మండపంలా కనిపిస్తుంది. పేదరికం చూపించాల్సిన చోట ఈ తప్పు కళ్లకు కొట్టినట్టు తెలుస్తుంది.

ఇక కట్టుబడి. గోడకు వాడేది ప్లైవుడ్ ఫ్లాట్లు, అంటే కర్ర చట్రానికి కొట్టిన పలకలు. 8, 4 అడుగుల షీటు, 6 మిల్లీమీటర్ల మందం, వెనక 2 అడుగులకొకటి చొప్పున రీపర్లు (సన్నటి కర్ర పట్టీలు). 40 అడుగుల పొడవు, 12 అడుగుల ఎత్తు గోడ 480 చదరపు అడుగులు, షీటుకు 32 చొప్పున 15 షీట్లు, తరుగుతో కలిపి 17. పచ్చి కర్ర రీపర్లు కొంటే వారం తిరిగేసరికి లైట్ల వేడికి వంకరపోయి అతుకులు విచ్చుకుంటాయి. అతుకుల మీద గాజు గుడ్డ పట్టీ వేసి పుట్టీ పట్టాలి, ఊరికే పుట్టీ పూస్తే గీత తేలుతుంది. తలుపు చౌకట్టును గోడ ఫ్లాటుకు బిగించకూడదు. దాని వెనక వేరే ఫ్రేము నిలిపి నేలకు బిగించాలి. నటుడు కోపంగా తలుపు వేసినప్పుడు గోడంతా ఊగితే కోపం పోయి నవ్వు వస్తుంది. ఈ ఒక్క పొరపాటుకు ఎన్ని టేకులు పోతాయో కెమెరా విభాగాన్ని అడగండి.

శిల్పాలు, స్తంభాల నగిషీ పీఓపీ (ప్లాస్టర్ ఆఫ్ పారిస్) పని. 10 కిలోల పొడికి ఆరున్నర నుంచి 7 లీటర్ల నీళ్లు. నీళ్లలోకి పొడి చల్లాలి కానీ పొడి మీద నీళ్లు పోయకూడదు, పోస్తే ఉండలు కడుతుంది. రెండు నిమిషాలు నాననిచ్చి, నురగ రాకుండా మెల్లగా కలపాలి. పావుగంటలో బిగుసుకుంటుంది, బిగుసుకునేటప్పుడు వేడెక్కుతుంది. బిగుసుకోవడం వేరు, ఆరడం వేరు. అంగుళం మందం ముక్క ఎండాకాలంలోనూ రెండు మూడు రోజులు తీసుకుంటుంది. రేపు షూటింగ్ అని ఈ రాత్రి రంగు కొడితే పొలుసులుగా లేస్తుంది. బలానికి కొబ్బరి పీచు వేస్తారు. తేమ తగిలిన బస్తా కొంటే ముక్క పిండిలా రాలిపోతుంది. ఆరుబయట పీఓపీ పెట్టి జూన్‌లో షెడ్యూలు వేస్తే మొదటి వానకే సింహాల ముక్కులు కరిగిపోతాయి. బయట ఫైబర్ (గాజు పీచును రెజిన్ అనే చిక్కటి ద్రవంతో గట్టిపరిచినది) వాడాలి.

ఫైబర్ పనిలో ప్రాణం మీదికి వచ్చే సంగతి ఒకటుంది, దీన్ని పెద్ద అక్షరాల్లో వేసినా తప్పు లేదు. రెజిన్‌లో ముందు కోబాల్ట్ (గట్టిపడటాన్ని వేగం చేసే ద్రవం) వేసి బాగా కలిసిపోయాకే హార్డెనర్ (గట్టిపరిచే ద్రవం) వేయాలి. కోబాల్ట్, హార్డెనర్ రెండూ నేరుగా ఒకదానికొకటి తగిలితే మంట లేస్తుంది, పేలవచ్చు కూడా. హార్డెనర్ ఒకటి రెండు శాతం దాటకూడదు. తొందరగా గట్టిపడాలని గరిటెతో అందాజుగా పోసే అలవాటు మానాలి. పనిచేసే షెడ్డుకు గాలి రావాలి, ముఖానికి కట్టుకోవాల్సింది చేతిరుమాలు కాదు, ఆవిరి ఆపే మాస్కు. థర్మాకోల్ చెక్కి దాని మీద నేరుగా రెజిన్ కానీ థిన్నర్ కలిపిన రంగు కానీ కొడితే బొమ్మ కరిగి గుంట పడుతుంది. ముందు ఫెవికాల్ కలిపిన పూత లేదా ఎమల్షన్ రెండు చేతులు వేసి ఆరబెట్టాలి. థర్మాకోల్ తేలిగ్గా అంటుకుంటుంది, దాని నల్లటి పొగ ఊపిరాడనివ్వదు. అందుకే షూటింగ్ ఫ్లోర్ నుంచి బయటికి రెండు దారులు తెరిచి ఉండాలి, వేడి లైట్లకు గుడ్డ పందిరి దూరంగా ఉండాలి, సెట్‌లో వేలాడే బల్బులకు కూడా అసలు ఎలక్ట్రీషియనే వైరింగ్ చేయాలి.

గాలి లెక్క చాలామంది వేయరు. ఆరుబయట 40 అడుగుల వెడల్పు, 20 అడుగుల ఎత్తు గోడ అంటే సుమారు 74 చదరపు మీటర్లు. వేసవి సాయంత్రం గంటకు 72 కిలోమీటర్ల గాలి వీస్తే చదరపు మీటరుకు దాదాపు 24 కిలోల తోపుడు ఉంటుంది, గోడ మొత్తం మీద 1,800 కిలోల దాకా. భవనాలకు వాడే భారతీయ ప్రమాణాల్లో హైదరాబాదుకు పెట్టిన గాలి వేగం సెకనుకు 44 మీటర్లు, విశాఖపట్నానికి 50. హైదరాబాదు లెక్క తీసుకున్నా ఆ గోడ మీద 8 టన్నులు దాటుతుంది. సరుగుడు కర్రలు పాతి తాళ్లతో కట్టే పద్ధతి నిలబడేది అనుభవం ఉన్న మేస్త్రీ కన్ను వల్ల. ఎత్తు పెరిగాక కన్ను చాలదు. వెనక ఇనుప పైపుల బిగింపు, ఇసుక బస్తాల బరువు, నేల గట్టిదనం, వీటిని స్ట్రక్చరల్ ఇంజనీరు చూసి సంతకం పెట్టాలి. 20 అడుగులు దాటిన ప్రతి ఆరుబయటి సెట్‌కూ ఆ సంతకం తప్పనిసరి చేయాలని రెండు రాష్ట్రాల ప్రభుత్వాలనూ, నిర్మాతల సంఘాలనూ ఈ ఉత్తరం ద్వారా కోరుతున్నాం. కింద పనిచేసేవాళ్లు రోజు కూలీలు.

గోడ ఇంతటితో అయింది. ఇల్లు కావాలంటే ఇక్కడి నుంచి డెకరేటర్ రావాలి.

తెలుగు ఇల్లు ఒకటి కాదు. గోదావరి జిల్లాల మండువా లోగిలికి నడుమ ఆకాశం ఉంటుంది, వాన చినుకు మండువాలోనే పడుతుంది. ఉత్తరాంధ్రలో చుట్టిల్లు, తాటాకు కప్పు. రాయలసీమలో మట్టి మిద్దె, కడప బండ. తెలంగాణలో గూన పెంకుల ఇల్లు, షాబాద్ బండ పరుపు, దొరల ఊళ్లలో గడీ. ఇంటి బయటి తేడా ఆర్ట్ డైరెక్టర్ పట్టుకుంటాడు. లోపల గిన్నె తేడా పట్టుకునేది ఎవరు? కోస్తా వంటింట్లో తపేలా అనేదాన్ని తెలంగాణలో గంజు అంటారు, బగోనె అంటారు. మాటే కాదు, గిన్నె అంచు, కడుపు కూడా మారతాయి. సీమ వంటింట్లో సంగటి కెలికే కట్టె లేకుండా పొయ్యి పెడితే ఆ ఊరి ప్రేక్షకుడికి వెంటనే తెలిసిపోతుంది. కరీంనగర్ పల్లెలో జొన్నరొట్టె కాల్చే పెంక లేకపోయినా అంతే. అద్దె సామాన్ల షాపులో ఉన్న ఇత్తడంతా తెచ్చి తోమి వరసగా పేర్చడం డెకరేషన్ కాదు. వాడిన బిందెకు నడుము దగ్గర సొట్ట ఉంటుంది, చంక కింద పెట్టుకునే వైపు మెరుపు ఎక్కువ.

సర్దే పద్ధతి ఇలా ఉంటుంది. ముందు పెద్దవి: మంచం, బీరువా, బల్ల. అవి నటుల నడకను నిర్ణయిస్తాయి కాబట్టి దర్శకుడికి చూపించి ఖాయం చేసుకోవాలి. తర్వాత గోడ మీదివి, కిటికీ గుడ్డలు, చాపలు. ఆఖరున చిల్లర: సబ్బు ముక్క, సగం కాలిన అగరువత్తి, మందుల చీటీ, చెప్పుల జత. ప్రేక్షకుడు నమ్మేది ఈ చిల్లరనే, కానీ టైము లేదని ముందు తెగ్గోసేదీ దీన్నే. ఇల్లు నాలుగు తరాల నాటిదైతే నాలుగు తరాల సామాను కలిసి ఉండాలి. 1975లో జరిగే కథ అని ఇంట్లో ప్రతి వస్తువూ 1975లో కొన్నట్టు పెడితే అది షోరూము. ఆ ఇంట్లో తాత కాలపు భోషాణం, అమ్మమ్మ గంగాళం ఉండాలి, కొత్తగా కొన్నది ఒక్క రేడియోనే కావచ్చు.

గోడకు తెల్ల సున్నం వేసినట్టు కనిపించాలంటే తెల్ల రంగు వేయకూడదు. పచ్చి తెలుపు లైటును తిప్పికొట్టి నటుడి ముఖాన్ని నల్లగా చూపిస్తుంది. పాల మీగడ రంగు వేసి, టీ డికాషన్ లాంటి పల్చటి పూతతో పాతబెట్టాలి. పాతదనం అంతటా సమానంగా రాదు. స్విచ్చి చుట్టూ, కుర్చీ వీపు ఆనే చోట, పొయ్యి పైన, గుమ్మానికి చెయ్యి ఆనే ఎత్తులో వస్తుంది. ముల్తానీ మట్టి చల్లి ఊదితే అటకల మీద దుమ్ము. అన్నిచోట్లా ఒకేలా చల్లితే తుఫాను వచ్చిపోయినట్టుంటుంది. పటాల అద్దాల్లో లైట్లు కనిపిస్తే పటం వెనక పై భాగంలో చిన్న అట్టముక్క పెట్టి ముందుకు వాల్చాలి. గోడ గడియారం బ్యాటరీ తీసేసి సీను వేళకు ముల్లు తిప్పాలి, లేకపోతే కట్ చేసినప్పుడు ఒకే సంభాషణలో గంటన్నర గడుస్తుంది. ఫ్రిజ్ ఉంటే దాని హోరు మాటల్లో కలవకుండా షాట్ వేళ ఆపించి, మళ్లీ వేయడం గుర్తుపెట్టుకోవాలి, లేకపోతే లోపలి పాలు విరుగుతాయి. ప్రతి సీను ముగిశాక నాలుగు మూలల నుంచీ ఫొటోలు తీసి సీను నంబరు రాసుకోవాలి. ఆ గదికి మళ్లీ 20 రోజుల తర్వాత వస్తారు. పగిలే వస్తువు కనీసం అరడజను ఒకే అచ్చువి ఉండాలి, ఆఖరిది పగిలాకే దర్శకుడు ఇంకొకటి అడుగుతాడు.

కాలం తప్పులు పిల్లలు నేర్చుకుంటే తప్పించుకోగలిగినవి, అందుకే కొన్ని రాస్తున్నాం. 1957 ఏప్రిల్ 1కి ముందు కిరాణా కొట్టు ధరల పలకలో అణాలు ఉండాలి, పైసలు కాదు. ఆ తర్వాత 'నయా పైసలు', ఆ 'నయా' 1964లో పోయింది. నిజాం రాజ్యం కథలో బ్రిటిష్ రూపాయి ఒక్కటే చెల్లినట్టు చూపితే తప్పు, అక్కడ నిజాం సొంత నాణెం హాలీ సిక్కా నడిచింది. పిన్ కోడ్ వచ్చింది 1972 ఆగస్టు 15న. 1965 నాటి ఉత్తరం మీద ఆరంకెల పిన్ రాస్తే పోస్టాఫీసు సీను అక్కడే పోతుంది. ఒంగోలు జిల్లా 1970లో ఏర్పడి 1972లో ప్రకాశం అయింది, విజయనగరం జిల్లా 1979లో వచ్చింది. 2015 కథలో బడి బోర్డు మీద 'కోనసీమ జిల్లా' అని రాయకూడదు, ఆ జిల్లా 2022 ఏప్రిల్‌లో వచ్చింది. తెలంగాణ వాహనాలకు టీఎస్ 2014 నుంచి, టీజీ 2024 మార్చి నుంచి. రూపాయి గుర్తు 2010లో వచ్చింది, 2 వేల నోటు 2016 నవంబరులో. 1990ల వీధిలో వరసగా ఫ్లెక్సీలు కడితే ఆ వీధి ఇవాళ్టిది అయిపోతుంది. అప్పుడు గోడ మీద చేత్తో రాసిన అక్షరాలు ఉండాలి, బ్రష్ పెయింటర్ చేయి మలుపు అందులో తెలియాలి. ఆ పెయింటర్లు మన పట్టణాల్లో ఇంకా ఉన్నారు. కంప్యూటర్ ఫాంటు ప్రింటు తీసి అంటించే బదులు వాళ్లను పిలవడమే చవక, అందం కూడా.

తెర మీద ఇలాంటి తప్పు కనిపిస్తే ఆర్ట్ డైరెక్టర్‌ను తిడతారు. కానీ ఒకే మనిషి ఉదయం గాలి లెక్క, మధ్యాహ్నం నిర్మాతతో బిల్లులు, సాయంత్రం గ్రీన్ మ్యాట్‌ను (తర్వాత కంప్యూటర్‌లో వేరే దృశ్యం కలపడానికి కట్టే పచ్చ గుడ్డను) సెట్‌కు ఆరేడు అడుగులు దూరం జరిపించి పచ్చ ఛాయ నటుల భుజాల మీద పడకుండా చూడటం, రాత్రి మందుల చీటీ మీద తేదీ, ఇవన్నీ చేయలేడు. చేస్తున్నట్టు కనిపిస్తే నాలుగోది ఎవరో పేరులేని కుర్రాడు చేస్తున్నాడని అర్థం. ఆ కుర్రాడు ఏ సినిమాలో ఏం చేశాడో రాసి లేదు కాబట్టి తర్వాతి సినిమాకు మళ్లీ మొదటి మెట్టు నుంచే బేరం. కొందరు ఆ మెట్టు మీదే పదేళ్లు నిలబడిపోతారు, కొందరు మానేసి పెళ్లిళ్ల డెకరేషన్‌కు వెళ్లిపోతారు. అక్కడ కనీసం అడ్వాన్సు ఇస్తారు. పరిశ్రమ పోగొట్టుకుంటున్నది చౌక కూలీని కాదు, చదువుకున్న కంటిని.

రావాలనుకునే పిల్లలకు దారి ఉంది. హైదరాబాదులో జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో పెయింటింగ్, శిల్పం, అప్లైడ్ ఆర్ట్ ఉన్నాయి. పుణేలోని ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్‌లో కళాదర్శకత్వం, ప్రొడక్షన్ డిజైన్ కోసమే కోర్సు ఉంది. ఆర్కిటెక్చర్ చదివినవారూ, ఇంటీరియర్స్ చేసినవారూ బాగా రాణిస్తారు. డ్రాయింగుకు ఆటోకాడ్, నమూనాకు స్కెచప్ తెలిస్తే ఉద్యోగం అడిగే తొలిరోజే ఉపయోగపడతాయి. కానీ పోర్ట్‌ఫోలియోలో రాజమహళ్ల బొమ్మలు పది పెట్టేకంటే, తన ఊళ్లోని నిజమైన ఒక ఇల్లు కొలిచి పెట్టడం మంచిది: ప్లాను, గుమ్మం ఎత్తు, మెట్టు వెడల్పు, వంటింటి సామాను పట్టిక, ఏ వస్తువు ఏ దశకంలో వచ్చిందో ఇంటి పెద్దలను అడిగి రాసినది. అలాంటి నాలుగు ఇళ్లు కొలిచి తెచ్చిన పిల్లను ఏ ఆర్ట్ డైరెక్టరైనా కాదనడు. పిల్ల అని కావాలనే రాశాం. ఈ పనిలో ఆడపిల్లలు ఇంకా తక్కువ, ఇళ్ల లోపలి సంగతులు వాళ్లకు తెలిసినంతగా మా మగవాళ్లకు తెలియవు.

డబ్బు సంగతి దాచకూడదు. డిజైనర్‌కు సినిమాకింత అని ఒప్పందం, సహాయకులకు నెలకో సినిమాకో ఇంత, వడ్రంగి పెయింటర్లకు యూనియన్ రేటు ప్రకారం రోజు కూలి. సహాయకుల ఒప్పందం చాలాసార్లు నోటిమాటే. సినిమా ఆగితే చివరి వాయిదా ఆగుతుంది. కాబట్టి ఇంట్లో తల్లిదండ్రులు మొదటి రెండు మూడేళ్లు పిల్లలకు కాస్త ఆసరా ఇవ్వగలరో లేదో ముందే చూసుకోవాలి, పిల్లలు కాగితం మీద ఒప్పందం అడగడానికి మొహమాటపడకూడదు.

మేము కోరేవి ఇవి. నిర్మాతలు టైటిల్స్‌లో సెట్ డెకరేటర్‌కు వేరే కార్డు వేయాలి, ఆర్ట్ డైరెక్టర్లే ముందుకొచ్చి ఆ పేరు ఇప్పించాలి, అందువల్ల వారి పేరు తగ్గదు. రాష్ట్ర ప్రభుత్వాలు ఇచ్చే సినిమా అవార్డుల్లో కళా విభాగం బహుమతిని ఇద్దరికి కలిపి ఇవ్వాలి. ఫైన్ ఆర్ట్స్ కళాశాలలు చివరి ఏడాదిలో ఒక్క సెమిస్టరు సెట్ పని పెట్టాలి: లెన్స్ లెక్క, ఎస్టిమేటు, రసాయనాల జాగ్రత్త, ఇళ్ల చరిత్ర. పాత ఇళ్లు పడగొడుతున్న ఊళ్లలో తలుపులు, దూలాలు, స్విచ్చి బోర్డులు, సైన్ బోర్డులు కట్టెల రేటుకు పోతున్నాయి. రెండు రాష్ట్రాల్లో ఒక్కో గోదాము పెట్టి, ప్రతి వస్తువుకూ ఊరు, సంవత్సరం రాసిన చీటీ కట్టి, అద్దెకు ఇస్తే దాని ఖర్చు అదే రాబట్టుకుంటుంది.

మీ పత్రికకు కూడా ఒక విన్నపం. ఇకమీద సెట్ వార్త వేసేటప్పుడు కోట్ల పక్కన ఎంతమంది ఎన్ని రోజులు పనిచేశారో, లోపల సామాను ఎవరు సమకూర్చారో అడిగి, ఆ పేరు కూడా వేయండి. విద్య, ఉద్యోగాల పేజీలో ఈ వృత్తికి ఒక రోజు కేటాయిస్తామంటే డ్రాయింగులు, పట్టికలు, ఎస్టిమేటు నమూనా మేమే ఉచితంగా పంపిస్తాం.

– సినిమా కళా విభాగంలో పనిచేస్తున్న కొందరు,
కృష్ణానగర్, హైదరాబాదు